పక్క వేషం వేసినవాడి చూపు

1946 డిసెంబరులో విడుదలైన 'ఇట్స్ ఎ వండర్‌ఫుల్ లైఫ్' సినిమాలో నిక్ అనే ఒక బార్ మనిషి ఉంటాడు. మొదట కనిపించినప్పుడు మంచివాడే. హీరో జార్జ్ బెయిలీ దిగులుగా కూర్చుంటే అయ్యో పాపం అనుకునే రకం. తర్వాత దేవదూత వచ్చి, నువ్వు అసలు పుట్టకపోయి ఉంటే ఈ ఊరు ఎలా ఉండేదో చూడు అని జార్జ్‌కి చూపిస్తాడు. అక్కడా అదే బార్, అదే నిక్. కానీ ఈసారి పక్కా మొరటువాడు. దేవదూత రెక్కల గురించి చెబితే, గల్లాపెట్టె గంట టింగుటింగుమని కొట్టి మరీ వెక్కిరిస్తాడు. ఇద్దర్నీ పట్టుకుని బయటి మంచులోకి గెంటిస్తాడు.

రెండూ కలిపినా కొద్ది నిమిషాల వేషం. అయితే ఆ కొద్ది నిమిషాలు కుదరకపోతే సినిమా రెండో భాగమే నిలబడదు. ఊరు మారిపోయిందని జార్జ్ కంటే ముందు మనం నమ్మాలి. భవనాలు మార్చి చూపిస్తే అంత నమ్మకం రాదు. నిన్నటిదాకా పేరుపెట్టి పిలిచినవాడు ఇవాళ "ఎవడ్రా నువ్వు" అన్నట్టు చూస్తేనే గుండె ఝల్లుమంటుంది. ఆ చూపు చూసిన నటుడు షెల్డన్ లెనార్డ్.

పేరు ఎక్కడో విన్నట్టు ఉంటే ఆశ్చర్యం లేదు. 'బిగ్ బ్యాంగ్ థియరీ' అనే అమెరికన్ సిట్‌కామ్‌లో, అంటే కామెడీ సీరియల్‌లో, ఒకే ఫ్లాట్‌లో ఉండే సైంటిస్టులు షెల్డన్, లెనార్డ్ ఇద్దరికీ ఆ పేర్లు ఈయన మీద గౌరవంతో పెట్టినవే. ఇటు మాదాపూర్‌లోనూ అటు డాలస్‌లోనూ పన్నెండు సీజన్లూ తిరగేసి మరగేసి చూసిన మనవాళ్ళలో ఎంతమందికి ఈ సంగతి తెలుసో చెప్పలేను. చక్ లోరీ లాంటి సిట్‌కామ్ దిగ్గజం తన ఇద్దరు హీరోలకు ఒక పాతకాలపు క్యారెక్టర్ ఆర్టిస్టు పేరు ఎందుకు పంచాడు? ఎందుకంటే అమెరికన్ టీవీ వాళ్ళకు లెనార్డ్ నటుడిగా కాదు, నిర్మాతగా గుర్తు. డానీ థామస్ షో, ఆండీ గ్రిఫిత్ షో, డిక్ వాన్ డైక్ షో, గోమర్ పైల్, ఐ స్పై. పదిహేనేళ్ళలో ఒక్క మనిషి చేతి మీదుగా వచ్చిన పేర్లివి.

ఆయన గురించి రాసేవాళ్ళు జీవితాన్ని రెండు ముక్కలు చేస్తారు. సగం గ్యాంగ్‌స్టర్ వేషాలు, మిగతా సగం నిర్మాత కుర్చీ. చిన్న నటుడు పెద్ద నిర్మాత అయ్యాడు, అదృష్టం కలిసొచ్చింది అన్నట్టు చెబుతారు. నాకది తప్పు లెక్క అనిపిస్తుంది. ఆయన నిర్మాతగా తీసుకున్న పెద్ద నిర్ణయాలు ఒక్కొక్కటీ చూడండి. ప్రతిదాని వెనకా పక్క వేషం వేసినవాడి చూపు ఉంటుంది. హీరో సీను మధ్యలో నిలబడతాడు కాబట్టి అతనికి సీను కనిపించదు. పక్కన నిలబడ్డవాడికి మొత్తం కనిపిస్తుంది.

లెనార్డ్ 1907 ఫిబ్రవరి 22న న్యూయార్క్‌లో, మాన్‌హటన్‌లో ఒక యూదు కుటుంబంలో పుట్టాడు. ఇంటిపేరు బెర్షాడ్. సిరక్యూస్ యూనివర్సిటీలో డిగ్రీ పూర్తయింది 1929లో. ఆ ఏడాది అక్టోబరులోనే స్టాక్ మార్కెట్ కుప్పకూలింది. డిగ్రీ పట్టాకి విలువ లేని రోజులు. తిరిగి తిరిగి నాటకాల్లోకి చేరాడు, బ్రాడ్‌వేలో కొన్నేళ్ళు గడిపాడు. 1939 నుంచి సినిమాలు. మనిషి ఎత్తరి, బొంగురు గొంతు, నోటి పక్క నుంచి మాట జారవిడిచే న్యూయార్క్ వీధి యాస. ఆ గొంతు విన్న కాస్టింగ్ వాళ్ళకి ఒకటే తోచింది: రౌడీ, జూదరి, బుకీ. చదువుకున్నవాడే, కానీ తెర మీద ఆయన చదువుతో ఎవరికీ పని పడలేదు. బోగార్ట్ సినిమాలో పోలీసు, ఇంకొకరి సినిమాలో గూండా, 1955లో 'గైస్ అండ్ డాల్స్'లో హ్యారీ ద హార్స్ అనే జూదరి. ఎవరి పక్కన నిలబడాలో చెబితే వెళ్ళి నిలబడే పని.

రేడియోలో మాత్రం ఆయనకొక మంచి వేషం దొరికింది. హాస్యనటుడు జాక్ బెన్నీ కార్యక్రమంలో రేసుకోర్సు దగ్గర గుర్రాల టిప్పులిచ్చే బ్రోకరు. బెన్నీని చెవి దగ్గరికి పిలిచి గుసగుసగా సలహా ఇస్తాడు. తమాషా ఏమిటంటే గుర్రాల గురించి ఒక్క ముక్క చెప్పడు. ఏ రైలెక్కాలి, ఏ మిఠాయి కొనాలి, వీటికే గుర్రాల భాషలో టిప్పు ఇస్తాడు. ఆ ట్రాకు ఎప్పుడు వచ్చినా నవ్వు గ్యారంటీ. ఇక్కడ గమనించాల్సిన సంగతి ఇంకొకటి ఉంది. జాక్ బెన్నీ తన సొంత కార్యక్రమంలో పెద్ద జోకులు పక్కవాళ్ళకు వదిలేసేవాడు. తను చెంప మీద చెయ్యి వేసుకుని నిశ్శబ్దంగా ఉండిపోయేవాడు. నవ్వు ఎవరి మాటకి వచ్చినా షో పేరు బెన్నీదే. లెనార్డ్ ఆ బడిలో విద్యార్థి. ఈ పాఠం తర్వాత ఎక్కడ పనికొచ్చిందో ఇప్పుడే చెప్తాను.

అదే కాలంలో ఆయన రాయడం కూడా మొదలుపెట్టాడు, రేడియోకీ టీవీకీ స్క్రిప్టులు అమ్మాడు. వేషాల మధ్య ఖాళీ ఎక్కువ ఉన్న నటుడికి ఇది మామూలే. మన దగ్గరా కాల్‌షీట్లు లేని రోజుల్లో డైలాగులు రాసి పొట్టపోసుకున్న ఆర్టిస్టులు కొత్త కాదు. 1953లో డానీ థామస్ నటించిన 'మేక్ రూమ్ ఫర్ డాడీ' మొదలైంది. లెనార్డ్ అందులో డైరెక్టరుగా చేరాడు. కొద్దికాలానికే నిర్మాణం చూసుకునే స్థాయికి వచ్చాడు, 1957లో దర్శకత్వానికి టీవీ అవార్డు ఎమీ కూడా గెలిచాడు. అప్పటికే డానీ థామస్ షోగా పేరు మారిన ఆ సీరియల్ ఆ ఏడాదే సీబీఎస్ నెట్‌వర్క్‌కి వెళ్ళింది. థామస్‌తో కలిసి సొంత కంపెనీ పెట్టాడు. మధ్య మధ్యలో అదే షోలో డానీ ఏజెంటుగా చిన్న వేషం వేస్తూనే ఉన్నాడు. నిర్మాతే అయినా వేషం మాత్రం చిన్నదే!

ఇక ఆండీ గ్రిఫిత్ సంగతి. అప్పట్లో కొత్త సిట్‌కామ్ అమ్మాలంటే పైలట్, అంటే నమూనా ఎపిసోడ్ విడిగా తీయాలి. అమ్ముడుపోకపోతే ఖర్చు మొత్తం నీళ్ళపాలు. లెనార్డ్ దీనికో దారి కనిపెట్టాడు. 1960 ఫిబ్రవరి 15న ప్రసారమైన డానీ థామస్ ఎపిసోడ్‌లో డానీ కారులో వెళుతూ ఒక పల్లెటూరిలో స్టాప్ సైన్ దగ్గర ఆగకుండా పోతాడు. ఆ ఊరి షెరీఫ్ పట్టుకుంటాడు. షెరీఫ్ ఆండీ గ్రిఫిత్. నడుస్తున్న షోలోనే కొత్త షో పైలట్ పుట్టింది. ప్రేక్షకులు ఎలాగూ డానీ కోసం వచ్చి కూర్చున్నారు, స్పాన్సరు జనరల్ ఫుడ్స్ ఎలాగూ డబ్బు కట్టింది. ఆ స్పాన్సరే కొత్త షోనీ కొనుక్కుంది. అక్టోబరు 3న ఆండీ గ్రిఫిత్ షో మొదలైంది. ఎనిమిది సీజన్లు, 249 ఎపిసోడ్లు నడిచింది. 1967-68లో, అంటే ఆఖరి సీజన్‌లో, దేశంలో నంబర్ వన్‌గా ఉండగా ఆగింది. అదే చిట్కాతో 1964లో ఆ ఊరి పెట్రోల్ బంకు కుర్రాడు గోమర్ పైల్‌ని మెరైన్ సైన్యంలోకి పంపించి ఇంకో షో నడిపించారు.

ఇదంతా వ్యాపార తెలివి అని సరిపెట్టేయొచ్చు. కానీ ఒక అతిథి పాత్ర మీద కొత్త షో భారం వేయొచ్చన్న ఆలోచన ఎవరికి వస్తుంది? జీవితమంతా అతిథిగా వచ్చి, రెండు నిమిషాల్లో ప్రేక్షకుడికి గుర్తుండిపోవాల్సిన అవసరం ఉన్నవాడికే.

ఆండీ గ్రిఫిత్ షోలో మొదట ఆండీయే కమెడియన్. పల్లెటూరి అమాయకుడిలా మాట్లాడి నవ్వించాలని లెక్క. డాన్ నాట్స్ డిప్యూటీ బార్నీ ఫైఫ్‌గా వచ్చాక లెక్క తలకిందులైంది. ఒక్క తూటా చొక్కా జేబులో పెట్టుకు తిరిగే ఆ వణుకుడు పోలీసు ముందు ఆండీ జోకులు తేలిపోయాయి. గ్రిఫిత్ సంగతి గ్రహించి తను వెనక్కి తగ్గాడు, నవ్వంతా బార్నీకి వదిలేసి తను నెమ్మదిగా చూస్తూ ఉండే మనిషి అయ్యాడు. జాక్ బెన్నీ పాఠం ఇదే కదా. షో పేరు ఆండీది, ఎమీలు మాత్రం డాన్ నాట్స్‌కి వచ్చాయి. వేరే నిర్మాత అయితే హీరో ఇమేజ్ గురించి టెన్షన్ పడి బార్నీ సీన్లు కత్తిరించి ఉండేవాడు. మన పరిశ్రమలో అలాంటి కత్తిరింపుల కథలు ఎడిటింగ్ రూముల్లో కావలసినన్ని.

మన దగ్గర దీనికి దగ్గరగా వచ్చింది 'అమృతం'. 2001లో జెమినీలో మొదలైన గుణ్ణం గంగరాజు సీరియల్. అందులో అమృతం పాత్ర వేసిన నటులు మారారు. శివాజీ రాజా, నరేష్, హర్షవర్ధన్. హీరో మారితే ఏ సీరియల్ అయినా పడిపోవాలి. ఇది పడలేదు. ఎందుకంటే ఆంజనేయులుగా గుండు హనుమంతరావు పక్కనే ఉన్నారు. సర్వం ఉన్నాడు, అప్పాజీ ఉన్నాడు. జనం అమృత విలాస్‌లోని ఆ గుంపు కోసం చూశారు. లెనార్డ్‌కి ఈ సంగతి చెప్పి ఉంటే ఆశ్చర్యపోయేవాడు కాదు.

డిక్ వాన్ డైక్ షో కథ ఇంకా ఆసక్తికరం. కార్ల్ రైనర్ అనే రచయిత, నటుడు తన సొంత జీవితం మీద పదమూడు స్క్రిప్టులు రాసుకున్నాడు. టీవీ కామెడీ రచయిత ఆఫీసులో ఎలా ఉంటాడు, ఇంటికెళ్ళి ఎలా ఉంటాడు అన్నది కథ. తనే హీరోగా పైలట్ తీశాడు. ఎవరూ కొనలేదు. స్క్రిప్టులు లెనార్డ్ చేతికి వచ్చాయి. ఆయన చదివి చెప్పిన మాట సారాంశం ఒక్కటే: రాత బాగుంది, నువ్వు బాగాలేవు. నీ పాత్రకి నీకంటే పనికొచ్చేవాణ్ణి పెడదాం.

తన జీవితంలోంచి రాసుకున్న వేషం తన నుంచే లాక్కుంటే ఏ నటుడికి మండదు? రైనర్ ఒప్పుకున్నాడు, అది ఆయన గొప్పతనం. కానీ అలా చెప్పగలగడం వెనక కూడా నాకు పాత క్యారెక్టర్ ఆర్టిస్టే కనిపిస్తాడు. వేషానికి మనిషి సరిపోవాలి తప్ప మనిషికి వేషం కాదని, ఇరవయ్యేళ్ళు తన మొహానికి తగ్గ వేషాలే ఇప్పించుకున్నవాడికి తెలిసినంతగా ఇంకెవరికి తెలుస్తుంది? బ్రాడ్‌వే నాటకం 'బై బై బర్డీ'లో చూసిన డిక్ వాన్ డైక్‌ని తెచ్చారు. అంతకుముందు డానీ థామస్ కూతురి వేషానికి వచ్చి ఎంపిక కాని అమ్మాయిని గుర్తుపెట్టుకున్నది థామస్. ఆ మేరీ టైలర్ మూర్ భార్య పాత్రకి వచ్చింది. రైనర్ రచయితగా ఉంటూ, షోలో విగ్గు పెట్టుకున్న చిరాకు బాస్ పాత్ర వేశాడు. అదీ చిన్న వేషమే. సరిగ్గా సరిపోయింది.

1961 అక్టోబరు 3న మొదలైన ఆ షోకి మొదటి ఏడాది రేటింగ్ రాలేదు. సీబీఎస్ ఆపేయాలనుకుంది. అప్పుడు లెనార్డ్ చేసిన పని నిర్మాతలు చదువుకోవాల్సిన పాఠం. నెట్‌వర్క్ చుట్టూ తిరగలేదు. విమానమెక్కి సిన్సినాటి వెళ్ళి, సబ్బుల కంపెనీ ప్రాక్టర్ అండ్ గాంబుల్ వాళ్ళని ఒప్పించాడు. మిగతా సగం డబ్బు కోసం సిగరెట్ల కంపెనీ లోరిలార్డ్‌ని పట్టుకున్నాడు. సబ్బులు, సిగరెట్లు కలిసి షోని బతికించాయి. అది మొత్తం అయిదు సీజన్లు, 158 ఎపిసోడ్లు నడిచి పదిహేను ఎమీలు తెచ్చింది. మంచి కామెడీ ఆయుష్షు ఒక సబ్బుల కంపెనీ ఆఫీసులో తేలడం నాకు రుచించదు, సిగరెట్ల సొమ్మంటే ఇంకా. కానీ ఆ రోజుల్లో డబ్బు అక్కడే ఉంది, ఎక్కడుందో తెలిసినవాడు అక్కడికే వెళ్ళాడు.

ఆ షో కంపెనీ పేరు 'కాల్వాడా'. కార్ల్‌లో 'కా', లెనార్డ్‌లో 'ల్', వాన్ డైక్‌లో 'వా', డానీలో 'డా'. నలుగురి పేర్లూ కలిపి అతికించినది. రాసినవాడికీ, నటించినవాడికీ, నిర్మించినవాళ్ళకీ తలా ఒక అక్షరం. 1963లో ఒక ఎపిసోడ్‌లో లెనార్డే గ్యాంగ్‌స్టర్‌గా వచ్చాడు. ఆ రౌడీ పేరు మ్యాక్స్ కాల్వాడా!

పేరులో భాగం ఇవ్వడం చిన్న విషయం కాదు. రోజు కూలి లెక్కన వచ్చి, పని అయ్యాక తిరిగి చూసుకునే హక్కు లేకుండా పోయిన నటుడికే దాని విలువ తెలుస్తుంది. దక్షిణాదిలో నటన నుంచి టీవీ నిర్మాణానికి వచ్చి నిలదొక్కుకున్న పేరంటే రాధిక గుర్తొస్తారు. 'పిన్ని' కోసం రాత్రిపూట ఇళ్ళల్లో పనులు ఆగిపోవడం మన తరం చూసింది. అయితే ఆవిడ హీరోయిన్‌గా పేరు తెచ్చుకుని వచ్చారు, సీరియల్‌కి కూడా ఆవిడ ముఖమే పెట్టుబడి. లెనార్డ్ దారి దానికి వ్యతిరేకం. ఆయన ముఖం చూసి ఎవరూ టీవీ పెట్టరు. కాబట్టి తన ముఖం మీద ఆధారపడని షోలే కట్టుకోవాల్సి వచ్చింది.

ఆండీ గ్రిఫిత్ షో గురించి ఒక మాట అనకుండా దాటలేను. మేబెర్రీ ఊరు నార్త్ కరొలైనాలో ఉన్నట్టు రాశారు. షో నడిచిన ఎనిమిదేళ్ళూ అమెరికా దక్షిణాదిలో నల్లజాతివాళ్ళు హోటల్ కౌంటర్ల దగ్గర కూర్చునే హక్కు కోసం, ఓటు కోసం తన్నులు తిన్న కాలం. ఆ సిట్-ఇన్ పోరాటం 1960లో రాజుకున్న గ్రీన్స్‌బరో కూడా నార్త్ కరొలైనాలోనిదే. మేబెర్రీలో మాత్రం నల్లవాళ్ళు దాదాపు కనిపించరు. అంత ప్రేమగా అల్లిన ఊరు కూడా ఆ ఒక్క విషయంలో పచ్చి అబద్ధం. నిర్మాతగా ఆ బాధ్యత లెనార్డ్‌దీ.

విచిత్రంగా అదే మనిషి 1965లో ఎన్‌బీసీ నెట్‌వర్క్‌కి 'ఐ స్పై' చేశాడు. ఇద్దరు అమెరికన్ గూఢచారులు, ఒకరు టెన్నిస్ ఆటగాడి వేషంలో, ఇంకొకరు అతని ట్రైనర్ వేషంలో దేశాలు తిరుగుతారు. తెల్లవాడు రాబర్ట్ కల్ప్. ట్రైనర్‌గా బిల్ కాస్బీ, అప్పటికి స్టేజీ మీద జోకులు చెప్పడం తప్ప నటన తెలియని కుర్రాడు. అమెరికాలో వారం వారం వచ్చే డ్రామా సిరీస్‌లో నల్లజాతి నటుడు ప్రధాన పాత్రలో ఉండటం అదే మొదలు. దక్షిణాది స్టేషన్లు కొన్ని ప్రసారం చేయబోమన్నాయి. లెనార్డ్ ఇంకో జాగ్రత్త తీసుకున్నాడు. ట్రైనర్ అన్నది పైకి వేసుకున్న వేషమే. నిజానికి ఆ పాత్ర ఆక్స్‌ఫర్డ్‌లో చదివించే స్కాలర్‌షిప్ తెచ్చుకున్న రోడ్స్ స్కాలర్, బోలెడు భాషలు వచ్చినవాడు. హీరో పక్కన సంచులు మోసేవాడిలా కనిపిస్తూ, మెదడు మాత్రం సమానంగానో ఎక్కువగానో ఉన్న మనిషి. కాలేజీ డిగ్రీ పెట్టుకుని గూండా వేషాలు వేసిన నటుడి తలలోంచే ఇలాంటి పాత్ర వస్తుందని నాకు గట్టి నమ్మకం. కాస్బీకి వరసగా మూడేళ్ళు ఎమీ వచ్చింది. (ఆ కాస్బీ మీద దశాబ్దాల తర్వాత లైంగిక దాడుల ఆరోపణలు రావడం, 2018లో శిక్ష పడటం, 2021లో పెన్సిల్వేనియా సుప్రీంకోర్టు దాన్ని కొట్టేయడం అందరికీ తెలిసిందే. ఆ షోని ఇవాళ 1965 కళ్ళతో చూడటం సాధ్యం కాదు.)

'ఐ స్పై' హాంకాంగ్, జపాన్, మెక్సికో, గ్రీస్, మొరాకో వెళ్ళి తీశారు. స్టూడియో గోడకి ఈఫిల్ టవర్ బొమ్మ అతికించి ప్యారిస్ అని చెప్పే రోజులవి. కెమెరా, లైట్లు, జనరేటరు అన్నీ సర్దేసిన ఒక వ్యాను ఈ షో కోసమే తయారైంది. కెమెరామన్ ఫవాద్ సయీద్ తయారు చేసిన ఆ 'సినీమొబైల్' తర్వాత హాలీవుడ్ అవుట్‌డోర్ షూటింగ్ పద్ధతినే మార్చింది.

అన్నీ గెలుపులు కావు. 1969లో హాస్య రచయిత జేమ్స్ థర్బర్ రచనల ఆధారంగా 'మై వరల్డ్ అండ్ వెల్కమ్ టు ఇట్' తీశారు. మనుషుల మధ్యలోకి కార్టూన్ బొమ్మలు వచ్చే షో. 1970లో ఉత్తమ కామెడీ సిరీస్‌గా ఎమీ గెలిచింది. ఒక్క సీజన్‌కే ఆపేశారు. వెళ్ళి ఒప్పించడానికి సిన్సినాటిలో ఈసారి ఎవరూ మిగల్లేదు. అప్పటికి ఒకే స్పాన్సరు షోని మోసే పద్ధతి పోయింది, యాడ్ నిమిషాలు ముక్కలుగా అమ్ముకుంటూ నెట్‌వర్కే అంతా నిర్ణయించే రోజులొచ్చాయి. లెనార్డ్‌కి తెలిసిన ఆట నియమాలు మారిపోయాయి.

డిక్ వాన్ డైక్ షోకి రాసిన బిల్ పెర్స్కీ, శామ్ డెనాఫ్ 1975లో లెనార్డ్ కోసమే ఒక సిట్‌కామ్ తయారు చేశారు. పేరు 'బిగ్ ఎడ్డీ'. మాజీ జూదరి కథ, ఆ గొంతుకి అచ్చంగా సరిపోయేది. టైటిల్ పాత్ర ఆయనది, హీరో ఆయనే. ఆగస్టులో మొదలై నవంబరులో ఆగిపోయింది.

1992లో టెలివిజన్ హాల్ ఆఫ్ ఫేమ్‌లోకి తీసుకున్నారు. అదే ఏడాది ఆండీ గ్రిఫిత్‌నీ, బిల్ కాస్బీనీ తీసుకున్నారు. 1997 జనవరిలో, తొంభైకి నెలన్నర ముందు, లెనార్డ్ పోయాడు. దానికి ఆరేళ్ళ ముందు, 1990లో, బోస్టన్‌లోని ఒక బార్ చుట్టూ తిరిగే 'చీర్స్' సిట్‌కామ్‌లో ఒక ఎపిసోడ్‌కి వచ్చాడు. అందులోని నార్మ్ అనే పాత్ర తరచూ వెళ్ళే చవక హోటల్ ఓనరు వేషం. ఎనభై మూడేళ్ళ వయసు. అదే గొంతు, అదే నోటి పక్క నుంచి జారే మాట. కాసేపే కనిపిస్తాడు.